గవర్నరు గారి ఎడమ బుగ్గ

హాలు నేల ఓడ బల్లలా మెల్లగా ఊగుతోంది, గోడల అవతల అలలు కొట్టుకుంటున్నాయి, ఓపియాకి మాత్రం అదేమీ వింతగా లేదు. ఆమెకి వింతగా ఉన్నదల్లా ఎదురుగా దంతపు పీట మీద కూర్చున్న మొగుడే. ఊదారంగు అంచున్న తెల్లబట్ట కప్పుకుని, మోకాళ్ళ మీద చేతులు ఆనించి, నల్లసముద్రం ఒడ్డున బితీనియా రాష్ట్రానికి రోమ్ తరఫున గవర్నరుగా ఉన్నప్పుడు ఎలా కూర్చునేవాడో సరిగ్గా అలాగే కూర్చున్నాడు. పోయిన చలికాలంలో అక్కడే కన్నుమూసిన మనిషి, నిన్ననే ఊరేగింపు చేసి సాగనంపిన మనిషి, ఇవాళ ఇంత తీరిగ్గా కూర్చోవడమేమిటని ఓపియా గుమ్మంలోనే ఆగి అనుమానంగా చూస్తోంది.

అనుమానానికి కారణం లేకపోలేదు. రోమ్‌లో పెద్ద పదవులు చేసినవాడి ముఖానికి అచ్చు తీసి, మైనంతో ముసుగు చేసి ఉంచుతారు. ఆయన పోయాక జరిగే ఊరేగింపులో ఒక నటుడు ఆ ముసుగు తగిలించుకుని, పోయినవాడి నడక నడుస్తూ, ఆయనలాగే చేతులు తిప్పుతూ ముందు సాగుతాడు. నిన్న వచ్చినవాడు ఎంత శ్రద్ధగా నేర్చుకొచ్చాడంటే, వెతూరియస్ గారు ఎడమ చెవి గోక్కునే తీరు దించేసేసరికి, బతికుండగా ఆయనంటే గిట్టనివాళ్ళు కూడా కళ్ళు తుడుచుకున్నారు. పనయ్యాక వాడు వంటింటి గుమ్మంలో చతికిలబడి, చేపల పులుసు అడిగి మరీ రెండోసారి వేయించుకున్నాడు. ఇప్పుడీ కూర్చున్నది మొగుడో, మూడోసారి పులుసుకి వచ్చినవాడో ఎలా తెలుస్తుంది?

"ఎవరు నువ్వు?" అంటుంది ఓపియా.

"ఔలస్ వెతూరియస్‌ని. దాన్యూబ్ నది ఒడ్డున సైన్యాధికారిని, రోమ్ నగర వీధుల పర్యవేక్షకుణ్ణి, న్యాయమూర్తిని, బితీనియా గవర్నరుని..."

"ఇదంతా నిన్న నడిబజార్లో చదివారు. దారినపోయే గాడిదలు కూడా విన్నాయి. వీధులు చూసినన్నాళ్ళూ మన గుమ్మం ముందు గుంట అలాగే ఉందన్న సంగతి మాత్రం చదవలేదు."

"సొంత గుమ్మం ముందు ముందుగా పూడిస్తే జనం ఏమనుకుంటారు?"

"చివర్లో కూడా పూడ్చలేదుగా!"

"చివరికి వచ్చేసరికి బదిలీ అయింది."

మాట మొగుడిదిలాగే ఉంది. అయినా ఆమె నమ్మదు, నటుడు తెలివైనవాడు. ఈలోగా పక్కగోడ కరిగిపోయి దాన్యూబ్ మంచు హాల్లోకి వచ్చేస్తుంది, మంచులోంచి బితీనియా జనం అర్జీలు పట్టుకుని బారుగా వచ్చి వంటింట్లోంచి అవతలికి నడుస్తుంటారు, వాళ్ళ తడికాళ్ళ గుర్తులు చూసి నేల ఎవరు తుడుస్తారని ఓపియాకి ఒళ్ళు మండుతుంది, ఆయన మాత్రం ఒక్కొక్కరికీ చెయ్యెత్తి "విచారిస్తాం, విచారిస్తాం" అంటుంటాడు.

"ముందు నా అర్జీ విచారించండి," అంటూ ఆమె వరస తప్పించి ముందుకొస్తుంది. "పొద్దున్నే నౌతియస్ వస్తాడు."

నౌతియస్ అంటే బితీనియాలో ఆయన కింద పనిచేసిన ఉపాధికారి. అస్థికల కుండా, మైనం ముసుగూ మోసుకొచ్చింది అతనే.

"అతని ఒళ్ళోనే పోయారటగా మీరు? జ్వరంతో నాలుక పిడచగట్టి, పోసిన నీళ్ళు పోసినట్టే పక్కకి కారిపోతుంటే, ప్రాణం పోయేముందు మన అమ్మాయి వెతూరియాని అతనికిమ్మని చెప్పారట. తర్వాత తనే కళ్ళు మూసి, ఆ చల్లబడ్డ ముఖం నుంచే అచ్చు తీయించాడట. దగ్గర ఇంకెవరూ లేరట. ఈ ఇంటికి మరో పెద్దదిక్కు లేదు, పొద్దున్న నేను ఊఁ అంటే పిల్ల అతనిదైపోతుంది. చెప్పండి, అన్నారా ఆ మాట?"

"ఆ విషయం పరిశీలనలో ఉంది."

"పోయాక కూడానా!"

"పిల్లేమంటోంది?"

"నాన్న చెప్పి ఉంటే చేసుకుంటానంటోంది. అని, గోడవైపు తిరిగి పడుకుంటోంది."

ఆయన ఎడమ చెవి గోక్కుంటాడు. సరిగ్గా నిన్నటిలాగే. ఓపియా అనుమానం రెట్టింపవుతుంది.

"పోనీ ఇది చెప్పండి, నన్నెందుకు వెంట తీసుకెళ్ళలేదు?"

"సముద్రం బాగాలేదు."

"నౌతియస్‌కి బాగుందా?"

"ఆ తర్వాత రమ్మని కబురు పెట్టాను. నీకిష్టమని తోటవైపు గది సున్నం కొట్టించి ఉంచాను."

"నాకే కబురూ రాలేదు. ఎవరిచేత పంపారు?"

"నౌతియస్ చేత."

ఓడ ఊగుతూనే ఉంటుంది, అర్జీల వాళ్ళు నడుస్తూనే ఉంటారు, తోటవైపు గదిలో సున్నం వాసన ఎక్కణ్ణుంచో తేలివస్తుంది. అప్పుడు చూస్తుంది ఓపియా, ఆయన ఎడమ బుగ్గ దవడ దగ్గర కాస్త ఉబ్బి ఉండడం.

ఇది ఏ నటుడికీ తెలియని సంగతి. కొత్తగా న్యాయమూర్తి అయిన రోజుల్లో వెతూరియస్‌కి నోటి దురుసు, ఎదుటివాడు అబద్ధం మొదలుపెట్టగానే "అబద్ధం!" అని అరిచేవాడు, వాడు జాగ్రత్తపడి కథ మార్చేసేవాడు. అలాంటివాడు మాట్లాడుతున్నంతసేపూ ఆలివ్ గింజ ఒకటి బుగ్గన పెట్టుకోండి, వాడు పూర్తిగా చెప్పుకున్నాకే ఉమ్మేసి తీర్పు చెప్పండి అని ఓపియాయే సలహా ఇచ్చింది. ఆ గింజతోనే ఆయన ఉద్యోగమంతా గడిచిపోయింది. అది గవర్నరు గారి గాంభీర్యమనుకుంది లోకం. విందులో తన తమ్ముడు వేటకథలు మొదలెట్టినప్పుడల్లా ఓపియా మొగుడి బుగ్గ వైపు చూసి నవ్వాపుకునేది.

"మీరేనండీ," అంటుంది ఆమె. "ఎవరి మాట వింటూ పెట్టుకున్నారు దాన్ని?"

ఆయన గింజ తీసి ఆమె అరచేతిలో పెడతాడు. తడిగా, వెచ్చగా ఉంది. లేచి, అర్జీల వాళ్ళ వెనకాల మంచులోకి నడుస్తుంటాడు, ఓపియా పిడికిలి బిగించి "చెప్పి వెళ్ళండి! ఒక్కసారైనా తీర్పు చెప్పి వెళ్ళండి!" అని అరుస్తుంది, ఆయన తల తిప్పకుండానే అంటాడు:

"మైనం మెత్తగా ఉంటుంది. గట్టిగా నొక్కకు."

తెల్లవారింది. ఓపియా పిడికిలి విప్పి చూసుకుంది. అరచేతిలో గోళ్ళ గుర్తులు తప్ప ఏమీ లేవు.

లేచి హాల్లోకి వెళ్ళింది. నేల కదలకుండా ఉంది. పూర్వీకుల ముఖాలుండే చెక్క బీరువా తెరిచి, చివరి అరలోంచి కొత్త ముసుగు బయటికి తీసింది. నిన్న దాన్ని పరాయివాడి మెడ మీద దూరం నుంచి చూసిందే తప్ప దగ్గరికి తీసుకునే ధైర్యం చెయ్యలేదు. ఇప్పుడు కిటికీ వెలుగులో పెట్టి, ఎడమ బుగ్గ మీద వేలికొనతో, నొక్కకుండా, తడిమింది.

దవడ దగ్గర చిన్న బొడిపె. ఆలివ్ గింజంత.

నీళ్ళు నిలవని నోట్లో గింజ నిలవదు. ఈ అచ్చు తీసిననాడు ఆయన నిక్షేపంగా బతికున్నాడు, పక్కనెవరో చెబుతున్నది వింటూ, ఉమ్మేసే సమయం కోసం చూస్తున్నాడు.

"అమ్మా," గుమ్మంలో వెతూరియా నిలబడి ఉంది, రాత్రంతా పడుకున్నట్టు లేదు. "నౌతియస్ గారొచ్చారు. ఏం చెప్పమంటావు?"

"కూర్చోమను. నాన్న ఆఖరి ఘడియల సంగతి మొదటినుంచి చివరిదాకా మళ్ళీ చెప్పమను. ఏదీ వదలొద్దను." ముసుగుని జాగ్రత్తగా అరలో పెట్టి, తలుపు మాత్రం బార్లా తెరిచే ఉంచింది. "నేనొచ్చి వింటాను."

వంటింట్లోకి వెళ్ళి, జాడీలోంచి ఒక ఆలివ్ కాయ తీసి తింది. గింజని ఎడమ బుగ్గలోకి నెట్టుకుని హాల్లోకి నడిచింది.