శ్రీ లేని నకలు

పేర్రాజు పంతులు కలం ములుకును గోటి మీద ఆనించి చూసుకుని, మళ్ళీ కాగితం మీదికి వంగాడు. ముప్ఫై ఏళ్ళుగా ఆ తాలూకా కచేరిలో నకళ్ళు రాయడమే ఆయన పని. కుడి భుజం ఎడమదానికంటే రెండు వేళ్ళు కిందికి జారింది, మధ్యవేలి కణుపు కాయ కాసింది. ఎందరి జాతకాలో ఆయన చేతి మీదుగా పోయాయిగాని, ఒక్కటీ మనసుపెట్టి చదివిన పాపాన పోలేదు. చదివితే భయం. దొరంటే భయం, హెడ్డు గుమాస్తా అప్పాజీగారంటే భయం, సిరా ఒలికితే భయం. "మీ నీడ చూసి మీరే జడుసుకుంటారండీ" అని భార్య అచ్చాయమ్మ నవ్వేది.

ఆ రోజు మాత్రం చదవక తప్పలేదు. ఆ కాగితం తాలూకు మనిషి కిటికీ అవతలే కూర్చుంది.

ఆమె వీరమ్మ. కొడుకు గంగరాజు కాలువ గట్టున పడవలు లాగే కూలి. లాకు దగ్గర ఎవరి పడవ ముందు దాటాలన్న తగువులో పడవ నడిపే సరంగు ఒకడు తల పగిలి చచ్చిపోయాడు. కొట్టుకున్నది పదిమంది, దొరికింది గంగరాజు. ఖూనీ కేసు కదా, మేజిస్ట్రేటు జామీను ఇవ్వనన్నాడు. ఆ ఉత్తర్వు నకలు పట్టుకెళ్తే రాజమండ్రిలో వకీలు జిల్లా జడ్జీగారికి అప్పీలు పెడతాడు. దానికి రేపొక్కటే గడువు, ఎల్లుండి నుంచి ఆ కోర్టుకు నెల్లాళ్ళ సెలవు. నెల్లాళ్ళు ఆగేదెలా? కచేరి వెనక సబ్‌జైల్లో వాంతులూ భేదులూ తగులుకుని మూడు రోజుల్లో ఇద్దరు ఖైదీలు పోయారు.

"పంతులుగారండీ, మావోడు నిన్న గంజి ముట్టలేదంటండి" అంది వీరమ్మ, కిటికీ ఊచలు పట్టుకుని. "రాజమండ్రి పడవ మూడింటికండి. ఈలోగా ఆడి మొకం ఓసారి సూడనిత్తానన్నాడండి జవాను బాబు. తొరగా ఇప్పించండి బాబూ."

"అయిపోయిందమ్మా. పన్నెండు కొట్టేసరికి నీ చేతిలో పెడతాను."

ఆయన ఒకరికి మాటివ్వడం అదే మొదలు. పన్నెండు కొట్టకముందే రాసేశాడు కూడా.

అప్పాజీగారు అసలూ నకలూ పక్కపక్కన పెట్టుకుని సరిచూశారు. మొదటి వరసకి ముందే ఆయన వేలు ఆగిపోయింది.

"ఇదేంటండి పేర్రాజుగారూ?"

కాగితం నెత్తిన గుండ్రంగా, ముచ్చటగా ఒక 'శ్రీ' ఉంది.

పేర్రాజు ఇంట్లో పాలవాడికి చీటీ రాసినా ముందు శ్రీ చుట్టందే ఆయన చెయ్యి కదలదు. కచేరిలో మాత్రం ముప్ఫై ఏళ్ళూ ఆ చేతిని అదుపులో పెట్టుకున్నాడు. ఇవాళ ఆ కుర్రాడు గట్టెక్కాలని లోపల దణ్ణం పెట్టుకుని కలం పట్టాడు. చెయ్యి తన అలవాటు తాను కానిచ్చేసింది.

"అసల్లో లేనిది నకల్లో ఉంటే అది నకలెలా అవుతుందండి? నా ఉద్యోగానికి నీళ్ళొదలమంటారా?"

"గీకేస్తానండి..."

"శ్రీని గీకుతారా? గీకిన కాగితం మీద నేను సంతకం పెట్టను. మళ్ళీ రాయండి."

నాలుగు పుటలు, మళ్ళీ మొదటినుంచి. అక్షరం చెడుతుందని నెమ్మదిగా రాశాడు, నెమ్మదిగా రాస్తే పొద్దుపోతుందని హడలిపోయాడు. ఒంటిగంట కొట్టింది.

"ఈలోగా ఆణ్ణి సూసొచ్చెయ్యనా అండి?" అంది వీరమ్మ.

"కదలకమ్మా, నీ పుణ్యముంటుంది! పిలిచినప్పుడు, నకలు ముట్టినట్టు నిశానీ గీయడానికి నువ్వు లేకపోతే అప్పాజీగారు కాగితం బీరువాలో పడేస్తారు. ఇదిగో, అయిపోతోంది."

ఆమె కదల్లేదు. రెండు కొట్టింది. సంతకం, ముద్ర పడేసరికి కాలువ మీద పడవ బయల్దేరే కొమ్ము ఊదారు. వీరమ్మ నిశానీ గీసి, నకలు కొంగున చుట్టుకుంది.

"ఒక్కసారండి... ఆడి మొకం..."

"పడవ పోతుందమ్మా! మొహమేం ఖర్మ, వాణ్ణే ఇంటికి తెచ్చుకుందువుగాని. పరుగెత్తు!"

జన్మలో ఆయన అంత గట్టిగా అరవలేదు. ఆమె పడి లేస్తూ గట్టెక్కి పడవలో కూలబడేదాకా చూసి, అమ్మయ్య అనుకున్నాడు. చేతనైన మేలు ఒకటి చేశానని సంతోషం వేసింది.

అయిదింటికి సబ్‌జైలు జవాను మూట ఒకటి పట్టుకొచ్చాడు.

"పంతులుగారండీ, ఈ సామాన్ల జాబితా రాసిపెట్టాలండి. గంగరాజు నాలుగింటికి పోయాడండి."

"పోయాడా? వాళ్ళమ్మ పడవలో ఉందయ్యా!"

"పొద్దుట్నుంచి తలుపుకేసే సూశాడండి. అమ్మొత్తందిరా అని నేనే సెప్పాను. ఎందుకు రాలేదంటండి?"

పేర్రాజుకి నేనే కదలొద్దన్నానని చెప్పడానికి కూడా భయం వేసింది. రేపీపాటికి ఆ తల్లి రాజమండ్రిలో ఎవరెవరి కాళ్ళో పట్టుకుని, లేని కొడుక్కి జామీను అడుగుతూ ఉంటుంది. ఆయన కళ్ళు తుడుచుకుని కాగితం ముందుకు లాక్కున్నాడు.

జవాను మూట విప్పి ఒక్కొక్కటే బల్ల మీద పెట్టాడు. ఒక పంచె. ఒక తలగుడ్డ. ఆఖరున, పడవ లాగేటప్పుడు తాడు ఒరుసుకోకుండా రొమ్ముకి అడ్డం కట్టుకునే గోనెపట్టీ. చెమట ఉప్పు తెల్లగా చారలు కట్టిన దాని లోపలివైపున, మెత్తగా ఉంటుందని ఎవరో పాత చీర ముక్క మడిచిపెట్టి దగ్గర దగ్గరగా కుట్లు వేశారు.