గుమ్మం దాటిన ఆదెయ్య

వంటింటి గుమ్మం దగ్గర ఆదెయ్య ఎప్పటిలాగే ఆగాడు. కుడికాలు లోపల, ఎడమకాలు బయట, చేతిలో ఖాళీ స్టీలు గ్లాసు. మెడ కాస్త ముందుకు చాచి, కనుబొమలు పైకెత్తి, నవ్వులు సద్దుమణిగేదాకా కదలకుండా నిలబడ్డాడు. నవ్వేవాళ్ళెవరూ లేరు. పొయ్యి దగ్గర భార్య సుబ్బరావమ్మ ఎండుమిరపకాయలు వేయిస్తోంది.

"వస్తే లోపలికి రండి, లేకపోతే పక్కకు జరగండి. పొగ బయటికి పోవాలి," అంది.

టీవీలో వారానికోసారి హాస్య సీరియళ్ళు వచ్చే కాలంలో ఆదెయ్య ఒకదాంట్లో పక్కింటాయన, ఇంకోదాంట్లో పోస్టుమాను, మరోదాంట్లో పాలవాడు. వేషం ఏదైనా ఉద్యోగం గుమ్మంలోనే. పక్కింటాయన వేషానికైతే గుంటూరులో రాత్రి రైలెక్కి హైదరాబాదు పోయి, తలుపు కొట్టి, "చెల్లెమ్మా, కాస్త పంచదార ఉందా?" అని గ్లాసు చాచి, మళ్ళీ రాత్రి రైలుకే తిరిగి వచ్చేవాడు. ఇల్లాలి వేషం వేసిన కోటిరత్నం సోఫాలోంచి లేవకుండానే "ఇప్పుడే అయిపోయింది అన్నయ్యగారూ, రేపు రండి" అనేది. బొమ్మ అక్కడ ఆగిపోయి, దాని మీద పేర్లు పడేవి. పేర్లు పడేంతసేపూ నటులు నిజంగానే బిగుసుకుపోయి ఉండాలి. ఆ పనిలో ఆదెయ్యను మించినవాడు లేడు. కెమెరా ఆపేసి అందరూ టీలకు పోయినా ఆయన గ్లాసు చాచి అలాగే ఉండేవాడని చెప్పుకునేవాళ్ళు. అది కాస్త కల్పించి చెప్పిందే గానీ, రెప్ప వేయడన్నది మాత్రం నిజం.

ఆ ఒక్క మాటతో ఊరంతా ఆయన్ని గుర్తుపడుతుంది. బ్రాడీపేటలో ఏ టీకొట్టు ముందు నిలబడినా "బాబాయికి పంచదార దండిగా వెయ్యి" అని ఎవరో ఒకరు అరుస్తారు. ఆయనకేమో షుగరు. వద్దంటే వాళ్ళు చిన్నబుచ్చుకుంటారు, తాగితే సుబ్బరావమ్మ ఊరుకోదు. అందుకని తాగినట్టు నటించి, ఎవరూ చూడకుండా కాలవలో పోసేస్తాడు. అంత కష్టమైన వేషం ఆయనకు టీవీలో కూడా ఎవరూ ఇవ్వలేదు.

ఆయనకున్న కోరికల్లా ఒక్కటే. కెమెరా చూస్తుండగా ఆ సోఫాలో కూర్చోవాలి. కథానాయకుడు కూర్చున్నాడు, అత్తగారు కూర్చుంది, ఒకసారి ఎటునుంచో వచ్చిన కుక్క కూడా ఎక్కి కూర్చుంటే దర్శకుడు ముచ్చటపడి కెమెరా దగ్గరికి జరిపించి మరీ దాన్ని తీశాడు. ఆదెయ్యను మాత్రం ఎవరూ కూర్చోమనలేదు. వింటే నవ్వుతారని ఈ సంగతి భార్యకు తప్ప ఎవరికీ చెప్పుకోలేదు.

ఇన్నాళ్ళకు ఊళ్ళో కొత్తగా కారప్పొడి కంపెనీ పెట్టినవాళ్ళు ఆ పాత పంచదార సీరియల్ని గుర్తు చేసేలా ఒక ప్రకటన తీస్తున్నారు. దర్శకుడు అన్వర్ ఫోను చేసి, "ఈసారి మిమ్మల్ని లోపలికి పిలిచి సోఫాలో కూర్చోబెడుతున్నాం సార్," అన్నాడు. అప్పట్నుంచి ఆదెయ్య కాళ్ళు నేల మీద నిలవడం లేదు.

ఇస్త్రీ చొక్కా వేసుకుని, గ్లాసు పట్టుకుని గడప దాటబోతుంటే సుబ్బరావమ్మ గట్టిగా తుమ్మింది.

"ఆగండి. కాసేపు కూర్చుని, మంచినీళ్ళు తాగి వెళ్ళండి," అంటూ కుర్చీ లాగింది.

"మిరపకాయల ఘాటుకొచ్చిన తుమ్ముక్కూడా శకునమేంటే? అక్కడ కూర్చోడానికేగా పోతున్నా."

"పొద్దున్నుంచి గుండెల్లో మంటన్నారుగా."

"ఆ మంటా నీ మిరపకాయలదే."

"సరే. గ్లాసు మాత్రం అక్కడ పారేసి రాకండి. బియ్యం కొలిచే గ్లాసది."

షూటింగు బ్రాడీపేటలోనే, ఒక పాత మేడలో. హాలు మధ్య గోధుమరంగు రెక్సిన్ సోఫా. దాని మీద కోటిరత్నం, మోకాళ్ళ నొప్పులతో, జుట్టుకు నల్లరంగుతో, అదే దర్జాతో కూర్చుని ఉంది.

"ఏం ఆదెయ్య గారూ, పంచదార ఇంకా దొరకలేదా?" అంది.

తీరా చూస్తే ఆదెయ్య లోపలికి రాలేకపోయాడు. తలుపు కొట్టాడు, మాట అన్నాడు, గుమ్మంలో ఆగిపోయాడు. అన్వర్ మళ్ళీ చేయించాడు. మళ్ళీ ఆగిపోయాడు. ఇన్నేళ్ళ అలవాటు కాళ్ళను పట్టేసింది. చెమటలు కారుతున్నాయి. ఈ అవకాశం కూడా చేజారిపోతుందేమోనని ఆయనకు ఏడుపొక్కటే తక్కువ. అప్పుడు కోటిరత్నం మోకాళ్ళు పట్టుకుని లేచి, గుమ్మం దాకా వచ్చి, ఆయన చెయ్యి పట్టుకుంది.

"నా పక్కన బోలెడు చోటుంది, రండి," అంది. అది అన్వర్ రాసిన మాట కాదు.

ఆదెయ్య గుమ్మం దాటాడు. సోఫాలో కూర్చున్నాడు. స్ప్రింగులు కిర్రుమన్నాయి. కోటిరత్నం ప్యాకెట్టు విప్పి ఆయన గ్లాసు నిండా కారం పోసి, "పంచదార ఎప్పుడూ లేదు గానీ అన్నయ్యగారూ, కారానికి మా ఇంట్లో లోటు లేదు," అంది. గ్లాసు ఒళ్ళో పెట్టుకుని రెండు చేతులా పట్టుకున్నాడు ఆదెయ్య. దాన్ని చూశాడు, కెమెరా వంక చూశాడు, కనుబొమలు పైకెత్తి బిగుసుకుపోయాడు.

"కట్," అన్నాడు అన్వర్. అందరూ చప్పట్లు కొట్టారు. ఆదెయ్య కదల్లేదు.

"పేర్లన్నీ పడేదాకా ఆయన లేవడు బాబూ. కాసేపు అలా ఉండనివ్వండి," అంది కోటిరత్నం గర్వంగా.

ఉండనిచ్చారు. ఈలోగా ఉక్కగా ఉందని ఎవరో ఫ్యాను వేశారు. బల్ల మీద తెరిచి ఉన్న ప్యాకెట్లోంచి కారం లేచి హాలంతా కమ్మింది. అన్వర్ తుమ్మాడు, కెమెరా పట్టుకున్నతను తుమ్మాడు, కోటిరత్నం ఆగకుండా తుమ్మింది. కొంగుతో కళ్ళు తుడుచుకుంటూ పక్కకు తిరిగింది.

"మీకు తుమ్ము రావట్లేదా ఆదెయ్య గారూ?"

ఆయన మణికట్టు పట్టుకుని చూసింది. "ఫ్యాను ఆపండి," అంది నెమ్మదిగా.

పక్క సందులోని డాక్టరు వచ్చి చూసి, చేసేదేమీ లేదన్నాడు. కబురందుకుని సుబ్బరావమ్మ ఆటోలో వచ్చింది. ఆయన ముందుకొచ్చి నిలబడింది.

"షాటు జరిగేప్పుడే కూర్చున్నారా?" అని అడిగింది.

"షాటులోనేనమ్మా. చాలా బాగా కూర్చున్నారు," అన్నాడు అన్వర్.

ఆమె తలూపి, అప్పుడు ఏడ్చింది.

ఆయన్ని ఇంటికి తీసుకెళ్ళే హడావుడిలో మిగతా సంగతులు ఎవరికీ గుర్తు రాలేదు. సోఫాలో ఆయన కూర్చున్న చోట ఇంకా గుంట పడే ఉంది. పక్కనే సోఫా చేతి మీద, కోటిరత్నం ఆయన వేళ్ళలోంచి మెల్లగా విడిపించి పెట్టిన బియ్యం గ్లాసు, అంచుదాకా ఎర్రగా నిండి ఉంది.