కొత్త దెబ్బా, పాత దెబ్బా

అప్పటికి ఆరు ఫైళ్ళు అయ్యాయి. ఏడోది తెరిచి, జారిన కళ్ళజోడు పైకి తోసుకుని, డాక్టరు గిలికిన రాత వెంట కోడమ్మ వేలు నడిపిస్తోంది. ఆసుపత్రి కింది అంతస్తులో, పైపులు బుసలు కొట్టే ఈ గదిలో ఇరవై ఏడేళ్ళుగా ఆమె పని ఒకటే. ఎవరికి ఏ దెబ్బ తగిలిందని పైన డాక్టర్లు రాస్తే, దానికి సరిపడే కోడు చూసి కంప్యూటరుకు ఎక్కించాలి. అసలు పేరుతో ఆమెను పిలిచేవాళ్ళు అక్కడ లేరు.

ఆ ఉదయం వచ్చిన కట్టంతా కాళ్ళ మధ్య కమిలిన గాయాలే. మిషను పిడి ఎగిరి తన్నిన కార్మికుడు. నలుగురు కిందపడేసి బూట్లతో కుమ్మితే వృషణాలు నల్లబడి వాచిపోయిన లారీ డ్రైవరు. ఇలాంటివి ఎలా చదువుతావే అని చెల్లెలు ఒకసారి మొహం చిట్లించింది. సిగ్గుపడాల్సింది కొట్టినవాడు, కమిలిన ఒళ్ళు కాదు అని కోడమ్మ ఆమె నోరు మూయించింది.

ప్రతి దెబ్బకూ మూడు సంగతులు ఎక్కించాలి. ఎక్కడ తగిలింది, ఎలా తగిలింది, ఇది కొత్త దెబ్బా లేక పాత దెబ్బకే మళ్ళీ చూపించుకున్నారా. డాక్టరు రాయనిది సొంతంగా ఊహించి ఎక్కించకూడదు.

ఏడో ఫైలు ఇరవై ఆరేళ్ళ ఆడమనిషిది. నాలుగు రోజుల కిందట వచ్చి వెళ్ళింది. బాహ్య జననాంగాల మీద కమిలిన గాయం, తొడల లోపలివైపు అర్ధచంద్రాకారపు నల్లటి మచ్చలు. కారణం దగ్గర, మంచం అంచు తగిలింది అని ఉంది.

మంచం అంచుకు బూటు మడమ ఉండదని కోడమ్మకు తెలుసు. ముప్పై ఏళ్ళ కిందట ఆమె మొగుడు ఆమెను గోడకు నొక్కిపెట్టి అక్కడే తన్నాడు. బాత్రూములో జారిపడ్డానని ఆమే డాక్టరుతో చెప్పింది, వాడు తలుపు దగ్గరే నిలబడి ఉన్నాడు మరి. డాక్టరు తలెత్తకుండా రాసుకున్నాడు. మర్నాడు ఒక చేతిసంచితో ఇల్లు విడిచిన మనిషి మళ్ళీ ఆ గుమ్మం తొక్కలేదు.

పాత కాగితాలు తిరగేసింది. ఆర్నెల్ల కిందట సైకిలు కడ్డీ తగిలిందట. మూడు నెలల కిందట స్నానాలగది గుమ్మమట. అదే చోటు, అదే నలుపు. రెండోదాని దగ్గర ఆమె వేలు ఆగిపోయింది. అది తాను ఎక్కించినదే. మనిషి ఒకరే, చోటు ఒకటే కదా, పాతదానికే మళ్ళీ వచ్చిందనుకుని "పాత దెబ్బ" అని టైపు కొట్టేసింది. అది శనివారం. కట్ట అవగొట్టి ఇంటికి పోదామన్న తొందరలో కారణం చదవనే లేదు.

ఒకే మనిషికి ఏడాదిలో ఇలాంటి కొత్త దెబ్బలు రెండు పడితే తెర మీద ఎర్ర గుర్తు వస్తుంది. అప్పుడు ఆసుపత్రి కౌన్సిలరు ఆ మనిషిని ఒంటరిగా కూర్చోబెట్టి మాట్లాడాలి. మూడు నెలల కిందటే జరగాల్సిన మాట అది. కోడమ్మ ఇప్పుడు దిద్దింది. ఎర్ర గుర్తు వెలిగింది. వెంటనే కౌన్సిలరుకు ఫోను చేసి ఫైలు నంబరు చదివింది.

"ఆ అమ్మాయిని పొద్దున్నే తీసుకొచ్చారక్కా. మెట్ల మీంచి పడిందన్నారు. తొమ్మిదిన్నరకి ప్రాణం పోయింది."

తొమ్మిదిన్నరకు కోడమ్మ కీబోర్డు మీద దుమ్ము తుడుచుకుంటోంది. ఫోను పెట్టేసి బల్లను పిడికిలితో గుద్దింది. టీ గ్లాసు కిందపడి పగిలింది. ఆ మొగుడి పీక నులమాలనిపించింది, తప్పు కొట్టిన వేలు విరుచుకోవాలనిపించింది.

కోడింగు వాళ్ళు పైకి పోకూడదని, సందేహముంటే చీటీ పంపాలని ఫైలుతో లేచిన ఆమెకు, చప్పుడు విని వచ్చిన సెక్షన్ హెడ్డు గుర్తుచేశాడు. చీటీకి జవాబు రావడానికి రెండు రోజులు. ప్రమాదమని డాక్టరు సంతకం పెడితే మధ్యాహ్నానికల్లా మొగుడు శవాన్ని తీసుకుపోతాడు, తగలబెట్టేస్తాడు. ఆమె ఫైలు చంకన పెట్టుకుని మెట్లెక్కింది.

వరండా బెంచీ మీద ఒకడు బూటు కాలు ఆడిస్తూ ఫోను చూసుకుంటున్నాడు. ఆమె వాణ్ణి దాటి లోపలికి వెళ్ళింది. కుర్ర డాక్టరు మరణం కాగితం నింపుతున్నాడు. మూడు కాగితాలు అతని ముందు పరిచింది. అతను ఒక్కొక్కటే చదివాడు. మూడోది తాను రాసినదే. పేషెంటు చెప్పిందే రాశానని గొణిగాడు.

"ఆ పిల్ల ఇంకేం చెప్పదు బాబూ. దెబ్బలు చెప్పేది రాయండి. రెండోదాన్ని నేనే తప్పుగా ఎక్కించాను. అదీ రాయండి, నా పేరుతో సహా."

డాక్టరు ఆమె పేరు అడిగాడు. చెప్పింది. అతను "పడింది" అన్న మాట కొట్టేసి, శవాన్ని ఎవరికీ ఇవ్వొద్దని నర్సుకు చెప్పి, పోలీసులకు ఫోను కలిపాడు. తలుపు అద్దం అవతల ఆడుతున్న కాలు ఆగింది.

కిందికి వచ్చాక కోడమ్మ గాజుముక్కలు ఏరింది. బల్ల మీద, ఏడో ఫైలులోంచి జారిన చిన్న కార్డు ఒకటి పడి ఉంది. మళ్ళీ చూపించుకోవాల్సిన రోజు రేపు, ఉదయం పది గంటలకు.