అభ్యంతరం ఉందా?

మా ఆయనకు శాసనసభ నిబంధనలన్నీ కంఠతా వచ్చు. మా పెళ్లిరోజు మాత్రం రాదు. అనుమానం వస్తే స్పీకర్ కూడా కళ్లద్దాల మీదుగా ఈయన వంకే చూస్తారు. సొంత పార్టీవాళ్లు "రూల్‌బుక్కు గారు" అంటారు. పొగడ్త అనుకుని ఈయన మీసం సవరించుకుంటారు.

ఆ రోజు గ్యాలరీలో నా పక్కన మా చెల్లెలు కూర్చుంది. బట్టల షాపులో సేల్స్ పని దానిది. షాపు మూసేదాకా నిలబడే ఉండాలి, కూర్చుంటే జీతం కోత. ఆడవాళ్లకు మరుగుదొడ్డి లేదు. నీళ్లు తాగడం మానేసి మానేసి, చివరికి కిడ్నీ పాడై ఆసుపత్రి పాలైంది. షాపుల్లో ఆడవాళ్లకు కుర్చీ, మరుగుదొడ్డి ఉండి తీరాలని ప్రతిపక్షం ఎమ్మెల్యే, ఒకప్పటి టీచరమ్మ, సొంతంగా ఒక బిల్లు తెచ్చింది. ఎన్నికల ముందు అదే చివరి సమావేశం. ఇవాళ సభ ముందుకు రాకపోతే బిల్లుకు నీళ్లు వదులుకోవడమే.

టీచరమ్మ పొద్దుటి నుంచి కుర్చీ కదల్లేదు. ముందున్న బిల్లు మీద మా ఆయన పార్టీ సభ్యుడొకాయన ప్రసంగం తాతల కాలం నుంచి ఎత్తుకున్నాడు. ఆవిడ ఇక ఆగలేక లేచింది. ఆడ సభ్యులకున్న ఒక్క బాత్రూమూ భవనం అవతలి కొసన, క్యాంటీను దాటాక ఉంది. ఆవిడ అటు వెళ్లిందో లేదో తాతల ప్రసంగం టక్కున ఆగింది. స్పీకర్ ఆవిడ పేరు పిలిచారు. జవాబు లేదు.

"కాసేపు చూద్దాం" అన్నారు స్పీకర్.

మా ఆయన లేచారు. "అధ్యక్షా! పిలిచినప్పుడు సభ్యురాలు స్థానంలో లేరు. తర్వాతి అంశానికి వెళ్లాలి."

ఈయన పార్టీవాళ్లు బల్లలు చరిచారు. టీచరమ్మ తడి చేతులతో తలుపు దగ్గరే నిలబడిపోయింది.

"అన్నది బావగారేనా అక్కా?" అంది చెల్లెలు, కళ్లు ఆనకపోయినట్టు. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది.

విరామంలో ఆయన గదికి వెళ్లాను. టీ చప్పరిస్తున్నారు.

"ఆవిడ ఎక్కడికెళ్లిందో మీకు తెలీదూ?"

"తెలుసు. అయితే? రూలు రూలే. షాపులవాళ్లు మనకు కావలసినవాళ్లని విప్ గారు మరీ మరీ చెప్పారు."

"మీ మరదలు ఆసుపత్రిలో ఉంటే బత్తాయిలు పట్టుకెళ్లారుగా?"

"అది కుటుంబం, ఇది సభ. రెండూ కలపకూడదే."

"ఎవరూ అభ్యంతరం చెప్పకపోతే చివర్లో ఇంకోసారి పిలవచ్చుగా?" ఇన్నేళ్లుగా అన్నంలో కలిపి తింటున్నాను ఆయన నిబంధనల్ని. ఆ మాత్రం ఒంటబట్టవూ!

"పిలుస్తారు. నేను అభ్యంతరం చెబుతాను. మావాళ్లలో ఇంకెవడికీ ఆ రూలు తెలీదు" అని నవ్వారు.

"ఒక్క నిమిషం నోరు మూసుకుంటే మీ సొమ్మేం పోయింది?"

"ఇంట్లో మూసుకుంటున్నానుగా, చాలదూ?" అంటూ గదికి ఆనుకుని ఉన్న బాత్రూములోకి వెళ్లారు.

ఆ తలుపుకు బయట గడియ ఉంది. పెట్టేశాను. చెప్పకూడదు గానీ, ప్రాణానికి హాయిగా ఉంది.

విరామం అయిపోయింది. బల్ల మీద ఆయన ఫోను విప్ గారి పేరుతో గిలగిల్లాడుతోంది. సభలో మాటలు వినిపించే పెట్టె గోడకుంది. అందులోంచి స్పీకర్ గొంతు వచ్చింది: "రెండోసారి పిలుస్తున్నాం. ఎవరికైనా అభ్యంతరం ఉందా?"

"ఉంది! ఉంది అధ్యక్షా!" లోపల తలుపు బాదుతున్నారు.

"అక్కడ మైకు లేదండీ" అన్నాను.

బిల్లు చర్చకొచ్చింది. టీవీ కెమెరాల ఎదుట ఆడదానికి కుర్చీ వద్దనడానికి ఒక్కడికీ నోరు పెగల్లేదు. ఆమోదం పొందిందని విన్నాకే గడియ తీశాను.

"సభ్యుణ్ణి సభకు రాకుండా ఆపడం హక్కుల ఉల్లంఘన! నిన్ను బోనెక్కిస్తాను!"

"నోటీసు రాసివ్వాలి కదా? ఎవరు ఆపారో, ఎక్కడ ఆపారో వివరంగా రాయండి."

పెన్ను తీశారు. 'బాత్రూములో' అని రాయబోయి ఆగారు. మూత పెట్టేశారు.

"నేను మళ్లీ అడ్డుపడబోయిన సంగతి మీ చెల్లెలికి తెలుసా?" అన్నారు గొంతు తగ్గించి.

"తెలీదు. పైనే కూర్చుని ఉంది. వెళ్లి మీరే చెప్పండి, దాని కుర్చీ లాగేయబోయానని."

తలుపు బార్లా తెరిచే ఉంది. ఆయన కదల్లేదు.