మొహం చూడలేదు

తాటిచెట్టు మీదినుంచి చూస్తే మనిషికి మొహం ఉండదు. నెత్తి ఉంటుంది, భుజాలుంటాయి, నడక ఉంటుంది. తమిళనాట ఉడంగుడి తోపుల్లో తాటినీరు దించేవాళ్ళంతా ఆ మూడింటితోనే ఊరినంతా గుర్తుపడతారు. పైనుంచి పేరు పెట్టి కేకేస్తారు, కిందివాడు తలెత్తి పలుకుతాడు. తవసి ముప్పై ఏళ్ళుగా అలాగే కేకేస్తున్నాడు.

ఆరేళ్ళ కిందట ఒక సాయంత్రం అతను చెట్టు మీదుండగా కింద ఊరివాడు కోయిల్‌పిళ్ళైని ఎవడో కొడవలితో నరికి చంపి పోయాడు. ఆ పోయిన నడక అదే ఊరి సుడలైముత్తుదే అనుకున్నాడు తవసి. అదే చెప్పాడు.

"మొహం చూశావా?" అన్నాడు ఎస్సై.

"సుడలైగాడేనయ్యా."

ఎస్సై రాసుకున్న కాగితంలో మొహం స్పష్టంగా చూశాడని పడింది. కోర్టులో చదివి వినిపిస్తే ఔనన్నాడు. వాళ్ళ పనిలో గుర్తుపట్టడమన్నా మొహం చూడటమన్నా ఒకటే. సుడలైకి యావజ్జీవం పడింది.

ఈ ఎండాకాలం ఒకనాడు తవసి పైనుంచి, "బావా, నీరు తాగి పో!" అని కేకేశాడు. కిందివాడు తలెత్తాడు. బావ కాదు. మేకలు కొనుక్కునేవాడెవడో.

"నీ చెల్లెల్ని నేనెప్పుడు చేసుకున్నానన్నా?" అని నవ్వాడు. నీరు మాత్రం తాగే పోయాడు.

ఆ రోజునుంచి తవసికి నిలకడ లేదు. ఎవరు నడిచినా పైన ఒక పేరు అనుకోవడం, గీత మధ్యలో ఆపి మోకు పట్టుకుని జరజరా దిగి మొహం చూడటం. కొన్నిసార్లు సరిపోయేది. కొన్నిసార్లు కాదు.

"ఏం మావా, కత్తి పైన మరిచావా, బుర్ర మరిచావా?" అని తోపులో ఆడవాళ్ళు ఎగతాళి చేశారు.

భార్య పొన్నుకిళికి సుడలై సంగతి చెప్పాడు. ఆమె బెల్లం పాకం తిప్పుతూ వింది.

"ఆరేళ్ళు కదలకుండా కూచున్నోడివి ఇప్పుడెందుకు లేస్తావు? వాణ్ణి బయటికి తెచ్చి నువ్వు లోపలికి పోతావా?"

"వాడు కాకపోతే?"

"వాడే అయితే?"

మర్నాడు పొద్దుటి గీత ముగించి మదురై బస్సెక్కాడు.

అక్కడి హైకోర్టులో సుడలై తరఫున అప్పీలు నడిపే ప్లీడరు కణ్మణి అనే ఆవిడ. తవసి చెప్పిందంతా విని తల పట్టుకుంది.

"ఇన్నాళ్ళకా పెద్దాయనా! రేపే విచారణ. అప్పీల్లో సాక్షిని పిలవరు, కాగితాలే చదువుతారు. వాడి మెడకు చుట్టుకున్నది మీ కాగితం ఒక్కటే. మిమ్మల్ని మళ్ళీ విచారించమని పిటిషన్ వేస్తాను."

అతని మాటగా గబగబా అఫిడవిట్ రాసి చదివింది. "నేను చూసిన మనిషి సుడలైముత్తు కాదు."

తవసి కుర్చీలోంచి లేచాడు. "నేనట్లా అనలేదమ్మా. వాడో కాదో తెలీదన్నాను."

"తెలీదంటే ఎవరు నమ్ముతారండీ? ముద్దాయి వాళ్ళు ఏదో ఇచ్చి మాట మార్పించారంటారు. కాదంటేనే గట్టిగా ఉంటుంది."

"ఆనాడు ఎస్సై ఒక మొహం పెట్టాడు. ఇప్పుడు నువ్వు తీసేస్తున్నావు. రెండూ నేను చూసినవి కావు."

ఆమె కలం ఆపి అతనికేసి చూసింది. "మాట మార్చినందుకు మీ మీద కేసు రావచ్చు. ఇంతా చేసి వాడు బయటికి రాకనూ పోవచ్చు. తెలిసే అంటున్నారా?"

"చూసింది చూసినట్టు రాయి. నెత్తి, భుజాలు, నడక. పొద్దుగూకే వేళ. మొహం చూడలేదు. ఎవరో చెప్పలేను."

ఆమె కొట్టేసి మళ్ళీ రాసింది. తవసి రెండుసార్లు చదివించుకుని సంతకం పెట్టాడు.

"సాయంత్రం బస్సుకు పోతారా?"

పోవాలి. పూటపూటా గీయకపోతే గెలలు ఎండిపోతాయి. ఇరవై రెండు చెట్లు.

"రేపు జడ్జీలు నన్ను అడిగితే?"

"అడగరండీ. నేనే చెప్పుకుంటాను."

"అడిగితే?" అన్నాడు తవసి మళ్ళీ. "మొహం చూడలేదు, ఎవరో చెప్పలేను" అని జడ్జీలకు చెప్పినట్టే గొణుక్కుంటూ ఆమె ఆఫీసు వరండాలో ఈ చివరినుంచి ఆ చివరికి నడవడం మొదలుపెట్టాడు. బస్సు వేళ దాటిపోయింది. అతను నడుస్తూనే ఉన్నాడు.