మూడో గ్లాసు

ఇంట్లో అడిగితే జినెట్‌కి తన పెళ్లి ఏ ఊళ్లో జరిగిందో కూడా గుర్తుండదు. లిమోజ్‌లోని పాత నాటకశాల వేదిక ఎక్కిస్తే మాత్రం తన నట జీవితమంతా గడగడా చెప్పేస్తుంది. అందుకే ఆమె జీవితకథ రాస్తున్న క్లోతిల్డ్ రోజూ మధ్యాహ్నం ముసలామెను అక్కడికే తీసుకొచ్చేది.

"తొందరగా రాసెయ్ అమ్మాయ్. నా బుర్ర ఖాళీ అయిపోతోంది. పుస్తకంలోనైనా నేను మిగలాలి కదా," అనేది జినెట్.

ఒక్క సంగతే క్లోతిల్డ్‌కి మింగుడుపడలేదు. ఏది అడిగినా జినెట్ ముందు వేదిక అంచునున్న ప్రాంప్టర్ గూటివైపు చెవి వంచి, ఆ తర్వాతే జవాబిచ్చేది. ఒకప్పుడు ఆ గూట్లో కూర్చుని నటులకు మాటలు అందించింది ఆమె భర్త ఆన్సెల్మ్. ఆయన పోయి ఎన్నో ఏళ్లయింది. గూటికి అప్పుడే పలకలేసి మేకులు కొట్టేశారు. ముసలితనపు అలవాటులే అని క్లోతిల్డ్ సరిపెట్టుకుంది. పుస్తకాలు రాసేవాళ్లకు సరిపెట్టుకోవడం బాగా వచ్చు.

ఒకరోజు కథ ఆన్సెల్మ్ చావు దగ్గరికొచ్చింది.

"పైనుంచి తెర ఊడి ఆయన మీద పడిందన్నారు. తాడు తెగిందా?" అని అడిగింది క్లోతిల్డ్.

జినెట్ ముఖం పాలిపోయింది. "నోర్ముయ్! వేదిక మీద ఆ మాటంటావా?"

క్లోతిల్డ్ నాలుక్కరుచుకుంది. నాటకాలవాళ్లు చచ్చినా తాడు అనే మాట అనరు, అపశకునమని దారం అంటారు. నోరు జారినవాళ్లు విన్నవాళ్లందరికీ వైన్ తాగించాలి.

"తప్పు నాదేనండీ. రేపు వైన్ తెస్తాను."

"మూడు గ్లాసులు తే. విన్నవాళ్లం ఇద్దరం, నీతో ముగ్గురం."

మర్నాడు క్లోతిల్డ్ రెండే గ్లాసులు తెచ్చింది.

"మూడోదేదే?"

"ఎవరికండీ, ఎలకలకా?" అని నవ్వి, తన గ్లాసు తాగేసింది. "సరే, ఆన్సెల్మ్ గారి సంగతి చెప్పండి."

జినెట్ గూటివైపు చెవి వంచింది. ఇంకాస్త వంగింది.

"ఆన్సెల్మా? ఎవరమ్మా అతను?"

"మీ ఆయనండీ!"

"నాకు పెళ్లయిందా?"

క్లోతిల్డ్‌కి మూడో గ్లాసు ఎవరికో అప్పుడర్థమైంది. ఎదురుగా ఉన్న కాఫీ హోటలుకు పరిగెత్తి ఇంకో గ్లాసు తెచ్చింది, నింపి గూటి ముందు పెట్టింది. "క్షమించండి ఆన్సెల్మ్ గారూ. ఆమెకు అందించండి," అని బతిమాలుకుంది.

పలకల వెనకనుంచి మగగొంతుతో గుసగుస మొదలైంది. అది వినిపించింది క్లోతిల్డ్ చెవికి మాత్రమే. "నా మొదటి వేషం పనిమనిషిది. రెండే మాటలు, రెండూ మర్చిపోయాను..."

మాటలు జినెట్‌వి. క్లోతిల్డ్ ఆపకుండా రాసింది. జినెట్ పక్కనే కూర్చుని, ఏమీ వినపడనట్టు గౌను కుచ్చులు సవరించుకుంటోంది. సాయంత్రానికి పుస్తకం పూర్తయింది. క్లోతిల్డ్ సంతోషంతో ఏడ్చేసింది.

తలుపులు వేయడానికి కాపలాదారు వచ్చాడు. "పుస్తకం అయిపోయిందా మేడమ్? మీ పేరేదో చెప్పారు, పాడు మతిమరుపు."

క్లోతిల్డ్ నోరు తెరిచింది. ఎంత వెతుక్కున్నా తన పేరే దొరకలేదు. అతనికేసి మర్యాదగా నవ్వి, మెల్లగా గూటివైపు చెవి వంచింది.

"జినెట్," అంది.