దోసెడు బంకమట్టి

నేను ఒక తాటిదోనెను. ముందే చెప్పేస్తున్నాను, నాకు అసూయ ఎక్కువ. మంచి మనసున్న దోనె కథ కావాలంటే పక్క రేవులో అడగండి.

గట్టు మీద ముదిరిన తాటిచెట్టును కొట్టి, మొదలు వైపు లావుగా ఉన్న దుంగను తీసుకుని, లోపలి మెత్తదనమంతా తోడేసి, ఎండబెట్టి నన్ను తయారుచేశారు. కొల్లేటి నీళ్లలోకి దింపిన రోజున ఊరంతా చూసింది. నా తల వైపు పుట్టుకతోనే మూసుకుని ఉంటుంది. తోక వైపు మాత్రం పూర్తిగా తెరిచి ఉంటాను. అక్కడ రోజూ పొద్దున్నే దోసెడు బంకమట్టి మెత్తి మూయాలి. నిన్న మెత్తిన మట్టి ఇవాళ్టికి పనికిరాదు. ఒక్కరోజు మానేసినా నీళ్లు లోపలికొస్తాయి. మా జాతి అంతా ఇంతే.

నా మనిషి పేరు పెద్దిరాజు. మూడేళ్లు మేమిద్దరమే. అతను సరస్సు అడుగునుంచి నల్లటి బంకమట్టి తీసి, పిసికి, నా తోకలో మెత్తి, అరచేత్తో రెండుసార్లు తట్టేవాడు. ఆ రెండు దెబ్బల కోసం నేను తెల్లవారేదాకా ఎదురుచూసేదాన్ని. తర్వాత గెడకర్రతో తోసుకుంటూ వెళ్లి, వెదురుపుల్లలతో అల్లిన చేపల బుట్టలు ఎత్తేవాళ్లం. వాటిని మావులంటారు. నాలో పది మావులు, ఒక మనిషి పడతారు. రెండో మనిషికి చోటు లేదు. ఉండాలని నేను కోరుకోలేదు కూడా.

ఒక వేసవిలో పెద్దిరాజు ఈల వేయడం మొదలుపెట్టాడు. మెట్ట ఊళ్లో సంతకు చేపలు తీసుకెళ్లి వచ్చిన ప్రతిసారీ ఆ ఈల పెరిగింది. నన్ను నడుపుతూ అతను అంతకు ముందెప్పుడూ ఈల వేయలేదు. అప్పుడే నాకు అనుమానం వచ్చింది.

ఆమె పేరు నాగేంద్రం. పెళ్లైన పదోరోజున రేవుకు వచ్చింది. నన్ను చూసి, "ఇదా మావా నీ ఓడ? మా ఊళ్లో గేదెలు కుడితి తాగే తొట్టి ఇంతకన్నా పెద్దది," అంది. పెద్దిరాజు నవ్వాడు. నా పక్షాన ఒక్క మాట కూడా అనలేదు.

ఆ రోజుల్లో అతనికి ఒక పని దొరికేలా ఉంది. ఎక్కడో దూరంగా చేపల చెరువుల దగ్గర కాపలా. అక్కడే ఉండాలి, నెలకోసారి ఇంటికి రావాలి. పది మావులతో ఇద్దరు బతకలేరని అతని తల్లి తిరపతమ్మ రోజూ పోరుతోంది. నాగేంద్రం ఒప్పుకోలేదు.

"నెలకోసారి చుట్టపుచూపుగా వచ్చే మొగుడు నాకెందుకు? నేనూ నీతో నీళ్ల మీదకొస్తా. మావులు అల్లడం నేర్పు. నలభై అల్లుదాం."

"దోనెలో ఇద్దరం పట్టం నాగేంద్రం."

"సర్దుకుని కూర్చుంటే పడతాం."

అలా ఆమె నాలోకి ఎక్కింది. ఆ పొద్దున నా తోకకు మట్టి పెట్టింది కూడా ఆమే. అతనికి సాయం చేయాలనుకుంది పాపం. కానీ మెట్ట ఊరి పిల్ల కదా, తనకు తెలిసిన మట్టి తెచ్చింది. వాళ్ల ఊళ్లో పొయ్యిలు మెత్తే ఎర్రటి పుట్టమన్ను! పొయ్యిలో అది రాయిలా గట్టిపడుతుంది. నీళ్లలో బెల్లంలా కరిగిపోతుంది. ఆ సంగతి నాకు తెలుసు. పెద్దిరాజుకు కొత్త పెళ్లాం ముఖం తప్ప ఇంకేమీ కనిపించలేదు.

సరస్సు మధ్యకు వెళ్లేసరికి మట్టి జారిపోయింది. నేను నీళ్లను ఆపడానికి ఏమాత్రం ప్రయత్నించలేదు. హాయిగా అంచులదాకా మునిగాను. ఆమెకు ఈత రాదు. పెద్దిరాజు ఆమెను జుట్టు పట్టి లాగి, రెండు చేతులూ నా అంచుకు ఆనించాడు. ఇద్దరూ నన్నే పట్టుకుని తేలారు. అతను మాత్రం నా వైపు ఒక్కసారి కూడా చూడలేదు.

"మెట్టూరి పిల్లని తెచ్చి నీళ్ల మీద కూకోబెడితే ఇట్టాగే ఉంటది," అంది తిరపతమ్మ, ఒడ్డున తడిబట్టలు పిండుతూ. "రేపే చెరువు కాపలాకి పోరా."

నేను గెలిచాననుకున్నాను. ఆమె ఇక రేవు వైపు రాదు. అతను కాపలాకు వెళ్లినా నెలకోసారైనా నన్ను తాకుతాడు. నాకు అది చాలు.

మర్నాడు పొద్దున్నే ఆమె వచ్చింది. చీర బిగించి కట్టుకుని మోకాళ్ల లోతులో నిలబడి, "ఏ మట్టో చూపించు. తర్వాత ఈత నేర్పు," అంది. పెద్దిరాజు వంగి అడుగునుంచి నల్లమట్టి తీసి ఆమె చేతిలో పెట్టాడు. కాపలా ఊసు నేను మళ్లీ వినలేదు.

రెండు నెలలు నా అంచు పట్టుకునే కాళ్లు ఆడించింది. ఆమె గోళ్లు నా ఒంటి మీద గీతలు పెట్టాయి. ఆమె ఒక్కరోజూ మానలేదు. నాకు అన్నిటికంటే కోపం తెప్పించింది అదే.

ఆ తర్వాత నా మీద అసలైన దెబ్బ పడింది. నాగేంద్రం తండ్రి పొలం గట్టు మీది తాటిచెట్టు ఒకటి ఇచ్చాడు. దాన్ని తొలిచి, నా పక్కన పెట్టి, అడ్డకర్రలు వేసి తాళ్లతో కట్టేశారు. ఇలా రెండు దోనెలు కలిపి కడితే సంగడి అంటారు. బోల్తా పడదు, ఇద్దరు మనుషులు, నలభై మావులు సుఖంగా పడతాయి. అందరూ మెచ్చుకున్నారు. నన్నెవరూ అడగలేదు. ఆ కొత్తది పచ్చిది, కాస్త వంకర, ఎప్పుడూ ఎడమకు లాగేది. ఇకనుంచి నా తోకకు మట్టి ఆమె, దాని తోకకు అతను. ఆ రెండు దెబ్బలు దానికి పడుతుంటే నేను వింటూ ఉండేదాన్ని.

వాళ్లిద్దరూ ఒక కట్టుబాటు పెట్టుకున్నారు. ఎంత పోట్లాడుకున్నా సరే, పొద్దున్నే ఇద్దరూ వచ్చి మట్టి పెట్టాలి. ఒకసారి ఏదో కూర మాడిందని గొడవ మొదలై, ఒకరి ఇంటివాళ్లను ఒకరు తిట్టుకునేదాకా వెళ్లి, మూడు రోజులు మాటల్లేవు. నేను ఎంతో ఆశపడ్డాను. మొదటి రోజు వచ్చారు. రెండో రోజూ వచ్చారు. మూడో రోజు ఆమె ధబధబా కొడుతుంటే అతను ఆగలేక, "అంత కోపంగా కొడితే దోనె పగులుద్ది," అన్నాడు.

"కొడుతుంది దోనెని కాదు."

"మరెవర్ని?"

"పగిల్తే తెలుస్తది ఎవరో!"

ఇద్దరికీ నవ్వొచ్చింది. నాకు మాత్రం ఏడుపొచ్చింది.

ఇప్పుడు నా తప్పు చెప్పాలి. ఒక వానాకాలం మధ్యాహ్నం సరస్సు మీద గాలి లేచింది. పెద్దిరాజు నాలో నిలబడి గెడ వేస్తున్నాడు. నాగేంద్రం ఆ వంకరదానిలో మావులు పట్టుకుని కూర్చుంది. అలలకు తాళ్లు వదులవుతున్నాయి. నేను అప్పుడు కావాలనే అటూ ఇటూ గుంజాను. మొదట ముందు తాడు తెగింది, తర్వాత వెనకది. నా మనిషి నాలోనే ఉన్నాడు. ఆ మొదటి మూడేళ్లలోలా మళ్లీ మేమిద్దరమే. ఒక్క క్షణం నేను రాణినయ్యాను.

ఆ క్షణంలోనే అతను గెడ అటు విసిరి, నా అంచు మీద కాలు పెట్టి, ఆమె ఉన్న దానిలోకి దూకేశాడు.

"దోనె పోతోంది మావా!" అని ఆమె కేక పెట్టింది.

"పోనీ! నువ్వు కదలకు!"

పోనీ. అంత గాలిలోనూ ఆ మాట నాకు స్పష్టంగా వినిపించింది. ఖాళీగా, తేలిగ్గా, ఎటు తోస్తే అటు కొట్టుకుపోయాను. వాళ్లు మావులన్నీ నీళ్లలో పారేసి, ఆ పచ్చి దోనెలో ఒకరినొకరు పట్టుకుని ఒడ్డు చేరారట. మునిగిపోతుందనుకున్న ఆ వంకరది ఇద్దరినీ మోసింది.

నేను కిక్కిస గడ్డిలో ఇరుక్కుని, నిండా నీళ్లతో నాలుగు రోజులు పడి ఉన్నాను. నాలుగో రోజు గడ్డి కదిలింది. ముందు కనిపించిన ముఖం నాగేంద్రానిది.

"దొరికింది మావా! చెప్పానా?"

"తాడు ఎట్టా తెగిందో," అన్నాడు పెద్దిరాజు, నన్ను తడుముతూ. "కొత్త తాడే కదా. ఇదే గుంజేసి ఉంటది."

"మనవే సరిగా కట్టి ఉండం. దీన్నంటావేంటి? నాకు ఈత నేర్పింది ఇదే."

నిజం నాకొక్కదానికే తెలుసు. దోనెకు నోరు లేకపోవడం ఎంత మంచిదో ఆ రోజు అర్థమైంది. ఆమె వంగి, నీళ్లు తోడి, అక్కడికక్కడే అడుగునుంచి మట్టి తీసి నా తోకకు పెట్టింది. రెండు దెబ్బలు తట్టింది. అచ్చం అతనిలాగే. ఎప్పుడు నేర్చుకుందో నేను గమనించనేలేదు.

ఆ తర్వాత పదమూడేళ్లు ఆ వంకరదానితో కలిసి తిరిగాను. నలభై మావులు అరవై అయ్యాయి. నా మీద పగుళ్లు పెద్దవయ్యాక నన్ను ఒడ్డుకు లాగి, తోకకు చెక్కపలక కొట్టి మూసి, వాకిట్లో గేదె ముందు పెట్టారు. అవును, కుడితి తొట్టినయ్యాను. నాగేంద్రం మొదటి రోజు అన్న మాటే నిజమైంది. నా చోట్లోకి ఇంకో దోనె వచ్చింది. ఆ వంకరది దానితోనూ అలాగే తిరుగుతోంది, సిగ్గులేకుండా.

ఇప్పటికీ పొద్దున్నే ఇద్దరూ నా ముందునుంచే రేవుకు వెళతారు. పెద్దిరాజు ఈల వేస్తాడు. అది నాకోసం కాదని తెలుసు. అయినా వింటాను.

మొన్న నాగేంద్రం వెనక్కి వచ్చి, చేతిలో మిగిలిన తడిమట్టిని కుడితి కారిపోతున్న నా తోకకు మెత్తింది.

"ఆ పలక ఊడిందా? సాయంత్రం మేకు కొడతాలే. మట్టెందుకు?" అన్నాడతను రేవునుంచి.

"సాయంత్రం దాకా ఇది ఖాళీగా ఎందుకుండాలి?" అంటూ రెండుసార్లు తట్టి వెళ్లిపోయింది.

ఆ మట్టి తడిగా ఉన్నంతసేపు నాకు ఎవరి మీదా కోపం రాలేదు. మధ్యాహ్నానికి ఎండ ముదిరింది. మట్టి బీటలిచ్చి ఒక్కొక్క పెళ్లా రాలింది. రేవు వైపు చూశాను. వాళ్లిద్దరూ నవ్వుకుంటూ వస్తున్నారు. నాకు మళ్లీ అసూయ మొదలైంది.